గడప ముందర పెట్టిపోయిన పిండివంట

'పై' అని వ్రాయగానే మన పాఠకులు 'మీద' అని అర్థం చేసుకొంటారేమోనని నాకు మొదటే భయం. ఇది విభక్తి కాదు, పాశ్చాత్యుల పిండివంట. మైదాపిండితో అంచుగల పళ్ళెం ఆకారంలో గుల్ల చేసి, అందులో పండ్లనో, మాంసాన్నో, పాలూ గుడ్లూ కలిపి కాచిన కస్టర్డునో నింపి ఓవెన్‌లో కాలిస్తే దానికి 'పై' అని పేరు. మా ఆఫీసులో ఈ మాట చెబితే ప్రక్క సీటులోని మరాఠీ మిత్రుడు ఫైలులోనుంచి తల ఎత్తి, "పాయ్ అంటే కాలు గదా! మీ ఇంట్లో ఇప్పుడు కాళ్ళు వండుతున్నారా?" అన్నాడు. ఒక భాషలో 'మీద', ఇంకొక భాషలో 'కాలు'. రెండు భాషల నడుమ సంసారం చేసేవారికి ఇటువంటి తంటాలు తప్పవు.

నేను వంటవాణ్ణి కాను. షోలాపూరులో ఒక ఆఫీసులో గుమాస్తాను. మా తాతముత్తాతలు తెలంగాణ నుంచి మగ్గాలను నమ్ముకొని ఇక్కడికి వచ్చినవారు. మెట్రిక్యులేషన్‌తో నా చదువు ముగిసింది. బిల్లులూ వోచర్లూ తప్ప చేతితో వేరొకటి చేసి ఎరుగను. అటువంటివాడు అమెరికావారి పిండివంటను గురించి వ్రాయడమేమిటని మీరు అడగవచ్చు. కారణం మా అక్కయ్య. అందుచేత ముందు ఆ సంగతి చెప్పి, తరువాత వంటకు వస్తాను.

2021 మే నెలలో మా బావగారు పోయినారు. అవి ఎటువంటి రోజులో అందరికీ జ్ఞాపకమే. మా మేనల్లుడు అప్పటికి నాలుగేండ్లుగా అమెరికాలో అయోవా రాష్ట్రంలో ఒక చిన్న ఊళ్ళో ఉద్యోగం చేస్తున్నాడు. ఒక్కడే కొడుకు. రావాలంటే టిక్కెట్టు దొరకలేదు. దొరికి వచ్చినా తిరిగి ఆ దేశంలో అడుగు పెట్టనివ్వని ఆంక్షలు ఆ నెల మొదటివారంలోనే వచ్చిపడినాయి. తండ్రికి జరగవలసినదంతా వాడు ఫోనులోనే చూశాడు. ఇక్కడ మా అక్కయ్య ఇంటికీ ఎవరూ రాలేని పరిస్థితి. చావు జరిగిన ఇంట పొయ్యి వెలిగించరు, ఇరుగుపొరుగువారే అన్నం తెచ్చిపెడతారు. మరాఠీవారు ఆ ముద్దను 'కడూ ఘాస్', అనగా చేదు ముద్ద అంటారు. ఎదురింటి మరాఠీ ఇల్లాలు పిఠ్లా, జొన్నరొట్టెలు గుడ్డలో కట్టి, తలుపు తట్టి, గడప ముందర పెట్టి, పది అడుగులు వెనక్కు పోయి నిలబడింది. అక్కయ్య తలుపు తీసి తీసుకొన్నదాకా కదలలేదు.

మూడోనాడు మేనల్లుడు ఫోను చేసి, "మామా, ఇక్కడ ప్రక్కింటి ముసలమ్మగారు ఒక పళ్ళెంలో ఏదో పిండివంట చేసి నా గడప ముందర పెట్టిపోయింది. పైన తెల్లగా నురుగులాగా ఉన్నది, లోపల ఎండుద్రాక్షలు ఉన్నవి" అని చెప్పాడు. ఆ మాట అక్కయ్య విన్నది. అప్పటిదాకా ఎవరి మాటకూ జవాబివ్వని మనిషి, "వానికి గూడ ఎవరో తెచ్చిండ్రా? ఏం తెచ్చిండ్రు? అదెట్ల చేస్తరో అడుగురా" అన్నది.

ఆ విధంగా నేను ఈ 'పై' జాడ తీయడానికి పూనుకొన్నాను.

దాని పేరు పుల్లమీగడ ఎండుద్రాక్ష పై. అమెరికా మధ్యభాగంలోని పాడిపంటల రాష్ట్రాలు, అనగా అయోవా, మిన్నెసోటా, విస్కాన్సిన్ వంటి చోట్ల పల్లెటూరి ఇండ్లలో ఇది పాత వంట. పులిసిన మీగడ, గుడ్ల పచ్చసొన, పంచదార కలిపి, దాల్చినచెక్క, లవంగం, జాజికాయ పొడులు వేసి కస్టర్డు కాస్తారు. అందులో ఎండుద్రాక్షలు వేసి మైదా గుల్లలో పోస్తారు. మిగిలిన తెల్లసొనను పంచదారతో నురుగు వచ్చేటట్లు గిలకొట్టి పైన దుప్పటిలాగా కప్పి కాలుస్తారు. ఆ తెల్లని కప్పుకు మెరాంగ్ అని ఫ్రెంచి పేరు. ఆ పేరు 1692లో పారిస్‌లో అచ్చయిన మస్సియలో అనే వంటవాని పుస్తకంలో మొదట కనబడుతుంది. పేరు ఫ్రెంచిదే గాని పని మాత్రం పొదుపరి ఇల్లాలిది. పచ్చసొన లోపలికి, తెల్లసొన పైకి. మిగిలేది పెంకు మాత్రమే.

ఈ వంటకు ఒక పెద్దక్క ఉన్నది. పెన్సిల్వేనియా రాష్ట్రంలో స్థిరపడిన జర్మను రైతుకుటుంబాలు, ముఖ్యంగా ఆమిష్, మెన్నొనైట్ అనే నిరాడంబర మతశాఖలవారు, మామూలు ఎండుద్రాక్ష పై చేస్తారు. దానికి వారి మధ్య 'చావింటి పై' అనే పేరు నిలిచిపోయింది. చావు జరిగిన ఇంటికి దీనిని చేసి తీసుకొని పోవడం ఆచారం. ఎందుకని ఆలోచిస్తే కారణం చాలా సులభం. ఆపిల్ కాయాలంటే ఒక ఋతువు, చెర్రీ పండాలంటే ఒక ఋతువు. చావుకు ఋతువు లేదు. నేల గడ్డకట్టిన మాఘమాసంలో కూడా ఇంట్లో ఉండే పండు ఎండుద్రాక్ష ఒక్కటే. అది డబ్బాలో ఏడాది పొడుగునా ఉంటుంది. పైగా ఎండుద్రాక్ష పై రెండు రోజులకు చెడదు. ముందునాడే చేసి పెట్టుకోవచ్చు. ఆ కుటుంబాలలో అనేకులు 19వ శతాబ్దంలో పడమటికి సాగి ఒహాయో, ఇండియానా, అయోవాలలో భూములు చేసుకొన్నారు. మా మేనల్లుని ప్రక్కింటి ముసలమ్మగారి అమ్మమ్మ అటువంటి కుటుంబపు పిల్లేనట.

ఆ పల్లెలలో ఆవులు, పాలు సమృద్ధి. శీతలయంత్రాలు లేని కాలంలో వెన్నకోసం రోజూ తీసి నేలమాళిగలో దాచిన మీగడ తనంతట తానే పులిసేది. పులిసినదానిని పారబోయక ఇటువంటి వంటలలో వాడుకొన్నారు. మీగడ, గుడ్లు చేరేసరికి చావింటి పై కాస్త కలిగినింటి పై అయింది. పండుగకూ చేస్తారు, పొరుగింటి దుఃఖానికీ చేస్తారు. ఒక్క షరతు మాత్రం ఉన్నది. పాలూ గుడ్లూ చేరినవి గనుక దీనిని రెండు గంటలకంటె ఎక్కువసేపు బయట ఉంచరాదు, చల్లారినాక ఫ్రిజ్‌లో పెట్టాలి.

ఇది విన్నప్పుడు ఈ వంట అంత పరాయిదిగా నాకు తోచలేదు. ఆరా తీసినకొద్దీ చుట్టరికం మరింత బయటపడింది. అందులోని ఎండుద్రాక్షనే తీసుకోండి. అమెరికాలో ఎండుద్రాక్షకు పెట్టింది పేరు కాలిఫోర్నియా. అక్కడ 1870ల ప్రాంతంలో విలియమ్ థామ్సన్ అనే తోటమాలి గింజలేని ద్రాక్షను వ్యాప్తిలోకి తెచ్చాడు. అంతకు పూర్వం ఒక పై చేయాలంటే ఇంటిల్లిపాదీ కూర్చొని ఒక్కొక్క ఎండుద్రాక్షనుంచి గింజలు తీయవలసి వచ్చేది. ఆ థామ్సన్ ద్రాక్షకే తూర్పుదేశాలలో కిష్‌మిష్ అని పాత పేరు. మన అంగళ్ళలో కిస్‌మిస్ అని అడిగేటప్పుడు మనం ఆ పేరే పలుకుతున్నాము. మరాఠీలో బేదాణా అంటారు, గింజ లేనిది అని అర్థం. మా షోలాపూరు జిల్లాలో, ప్రక్కన సాంగ్లీ జిల్లా తాస్‌గావ్‌లో, క్రింద కర్ణాటకలోని విజయపురలో పండి ఎండేది చాలావరకు ఈ థామ్సన్ వంశమే. అక్కడివారు ఎండలో ఆరబెడతారు గనుక నల్లబడుతుంది. మనవారు మందునీళ్ళలో ముంచి నీడలో అల్మారాలవంటి వలలమీద ఆరబెడతారు గనుక ఆకుపచ్చని పసుపురంగు నిలుస్తుంది. పైకి రెండూ పనికి వస్తాయి.

ఇక సుగంధద్రవ్యాలు. దాల్చినచెక్క, లవంగం, జాజికాయ మూడూ ఆసియావే. జాజికాయ ఒకప్పుడు ప్రపంచంలో బాందా దీవులలో తప్ప పండేది కాదు. దానికోసం డచ్చివారు, ఇంగ్లీషువారు కొట్టుకొన్నారు. చివరకు 1667లో బ్రెడా సంధి జరిగి, రన్ అనే చిన్న జాజికాయ దీవి డచ్చివారికి, న్యూయార్క్ ఇంగ్లీషువారికి మిగిలినవి. అప్పుడు డచ్చివారే లాభపడ్డారని చాలామంది అనుకొన్నారట!

మన నేతకుటుంబాలవారు తెలుసుకోదగిన విషయం ఇంకొకటి ఉన్నది. ఆ దీవులలోని ప్రజలకు డచ్చివారి వెండికంటె గుడ్డమీద మోజు ఎక్కువ. ఆ గుడ్డ ఎక్కడిది? కోరమండల్ తీరానిది. అందుకే డచ్చి కంపెనీ 1605, 1606 సంవత్సరాలలో మచిలీపట్నంలోను, నిజాంపట్నంలోను వర్తకస్థానాలు పెట్టుకొన్నది. మన తెలుగుసీమ నేతగాళ్ళు నేసిన గుడ్డలను ఓడలలో వేసుకొని పోయి, వాటిని ఇచ్చి లవంగాలూ జాజికాయలూ కొని ఐరోపాకు చేరవేసినారు. అయోవా ముసలమ్మగారి డబ్బాలోని జాజికాయపొడికి వెనుక ఎక్కడో ఒక తెలుగు మగ్గం చప్పుడు ఉన్నది. ఈ మాట అక్కయ్యకు చెప్తే, "ఉంటే ఉండనీ, ముందు పొయ్యి వెలిగియ్యి" అన్నది.

పొయ్యి వెలిగించడం సులభమే. మా అమ్మాయి పోరుమీద దీపావళి బోనసుతో కొన్న చిన్న కరెంటు ఓవెన్ అల్మారామీద దుమ్ము తింటూ ఉన్నది. దానిని దింపినాము. ఒక ఆదివారం మొదటి ప్రయత్నం చేశాను. పుల్లమీగడ ఇక్కడ ఎక్కడ దొరుకుతుందని, అంగడినుంచి ప్యాకెట్ క్రీము తెచ్చి నిమ్మకాయ పిండినాను. అది పొయ్యిమీద పెట్టగానే విరిగి పలుకులు పలుకులుగా అయింది. అయినా పట్టు విడువక గుల్లలో పోశాను. చల్లారిన కస్టర్డుమీద నురుగు పరచి కాల్చాను. సాయంకాలం చూస్తే బాగానే ఉన్నది. తెల్లవారి చూస్తే కస్టర్డు మజ్జిగలాగా పలుచబడి, నురుగు టోపీ ప్రక్కకు జారి, మధ్యలో నీరు నిలిచి, అడుగున గుల్ల తడిసిన అట్టలాగా ఉన్నది. మా ఆవిడ ఏమీ అనలేదు. గుడ్ల అట్టపెట్టె వంక చూసి, క్యాలెండరు వంక చూసింది. నెలాఖరు.

గుమాస్తాకు ఒక మంచి అలవాటు ఉంటుంది. లెక్క తప్పితే ఎక్కడ తప్పిందో దొరికేదాకా నిద్రపట్టదు. నాలుగు తప్పులకు నాలుగు కారణాలు వెదకి పట్టుకొన్నాను. మన సోదరీమణులకు ఉపయోగపడతవని వ్రాస్తున్నాను.

మొదటిది మీగడ. నిమ్మకాయ పిండితే పులుపు వస్తుంది గాని పులియడం రాదు. ఇక్కడ అక్కయ్య ముందుకు వచ్చింది. "మీగడ పులియబెట్టనీకి గూడ పుస్తకం గావాల్నా?" అని, నాలుగు రోజులు గేదెపాలు కాచి మీగడ తీసి ఫ్రిజ్‌లో చేర్చి, అయిదోనాడు చెంచాడు పెరుగు కలిపి రాత్రంతా బయట ఉంచింది. తెల్లవారేసరికి కమ్మని పులుపు. అయితే ఒక తేడా ఉన్నది. అమెరికావారిది పచ్చిపాలమీద తేలిన మీగడ, పలుచగా నున్నగా ఉంటుంది. మనది కాచిన పాలమీద కట్టిన మీగడ, తోలు తోలుగా ఉంటుంది. దానిని జల్లెడలో వేసి గరిటెతో నూరి దించాలి. మరీ చిక్కనైతే కొంచెం పాలు కలపాలి. తొందరపడి మిక్సీలో వేసి ఎక్కువ తిప్పితే వెన్న తేలి కూర్చుంటుంది. తరువాత వెన్న కాచుకొని అన్నంలో వేసుకోవలసిందే.

రెండవది కస్టర్డు పలుచబడడం. గుడ్డు ఉన్నదని భయపడి నేను తొందరగా దించినాను. కాని ఇందులో మైదా కూడా ఉన్నది గదా. పచ్చసొనలో ఒక పదార్థం ఉన్నది, అది పిండి పదార్థాన్ని తినివేస్తుంది. కస్టర్డు బుడగలు వచ్చేదాకా ఉడికితేనే అది నశిస్తుంది. లేకపోతే రాత్రి గట్టిగా ఉన్నది ఉదయానికి నీరు అవుతుంది. పిండి కలిసి ఉన్నంతవరకు గుడ్డు అంత సులభంగా విరగదు. అందుచేత సన్నని సెగమీద అడుగంటకుండా కలుపుతూ, బుడగలు వచ్చిన తరువాత ఒక నిమిషం నిండా ఉడకనివ్వాలి.

మూడవది నురుగు. చల్లారిన కస్టర్డుమీద నురుగు పరిస్తే దాని అడుగుభాగం ఉడకదు. ఉడకని తెల్లసొన నీరు కార్చుతుంది. వేడివేడి కస్టర్డుమీద పరిస్తే అడుగు ఆ వేడికే ఉడుకుతుంది, పైభాగం ఓవెన్‌లో ఉడుకుతుంది. నురుగును గుల్ల అంచుకు అంటుకొనేటట్లు చుట్టూ పరచాలి. లేకుంటే కాలినప్పుడు ముడుచుకొని జారిపోతుంది. అట్లాగని ఎక్కువ కాలిస్తే పైన బెల్లపు చుక్కలవంటి చెమట పడుతుంది. నురుగు లేవాలంటే గిన్నెలో జిడ్డు అణువంత ఉండరాదు, పచ్చసొన చుక్క పడరాదు. ప్లాస్టిక్ గిన్నెను జిడ్డు వదలదు గనుక స్టీలుగిన్నె మేలు. నాలుగు చుక్కల నిమ్మరసం నురుగును నిలబెడుతుంది. అక్కడివారు ద్రాక్షసారాయి పీపాలలో పేరుకొనే ఉప్పును శుద్ధిచేసి, క్రీమ్ ఆఫ్ టార్టార్ అనే పేరుతో ఇదే పనికి వాడతారు. అదీ ద్రాక్ష బిడ్డే. వానాకాలంలో పంచదార గాలిలోని తేమను లాగుతుంది గనుక ఈ పని ముసురురోజున పెట్టుకోవద్దు. మా షోలాపూరు పొడిగాలి ఎండాకాలంలో మనుషులను వేపినా మెరాంగ్‌కు మాత్రం మేలు చేస్తుంది.

నాలుగవది గుల్ల. పచ్చిగుల్లలో తడి కస్టర్డు పోస్తే అది ఎన్నటికీ కాలదు. గుల్లను ముందే ఖాళీగా కాల్చుకోవాలి. ఖాళీగా కాలిస్తే పొంగి వంకర పోతుంది గనుక, దానిమీద కాగితం పరచి పిడికెళ్ళతో కాబూలీ శనగలు పోసి కాల్చాలి. ఆ శనగలు కూరకు పనికిరావు. డబ్బాలో దాచుకొంటే మళ్ళీ పైకి పనికి వస్తాయి.

ఇక కొలతలు. కప్పు అంటే 240 మిల్లీలీటర్లు. పళ్ళెం 9 అంగుళాలది, అంచుగలది.

గుల్లకు: మైదా 150 గ్రాములు, చల్లని వెన్న 110 గ్రాములు, ఉప్పు చిటికెడు, ఐస్‌నీళ్ళు 3 లేక 4 పెద్ద చెంచాలు.

లోపలికి: ఎండుద్రాక్ష 1 కప్పు, పుల్లమీగడ ఒకటిన్నర కప్పు, పంచదార ముప్పావు కప్పు, పచ్చసొనలు 3, మైదా 3 పెద్ద చెంచాలు, దాల్చినచెక్కపొడి అర టీ చెంచా, జాజికాయపొడి పావు టీ చెంచా, లవంగపుపొడి పావు టీ చెంచా, ఉప్పు చిటికెడు.

పైకప్పుకు: తెల్లసొనలు 3, పంచదార 6 పెద్ద చెంచాలు, నిమ్మరసం అర టీ చెంచా.

మైదాలో ఉప్పు, వెన్న వేసి వ్రేళ్ళ కొసలతో రవ్వలాగా నలపాలి. అరచేతి వేడి తగిలితే వెన్న కరుగుతుంది. నీళ్ళు చిలకరించి ముద్ద చేయాలి, చపాతీపిండిలాగా పిసకరాదు. పిసికితే గుల్ల సాగుతుంది, పెళుసుతనం పోతుంది. ఆ ముద్దను అరగంట ఫ్రిజ్‌లో ఉంచి, వత్తి, పళ్ళెంలో పరచి, ఫోర్కుతో అక్కడక్కడ పొడిచి, శనగల బరువుతో 200 డిగ్రీల సెల్సియస్‌లో 15 నిమిషాలు, శనగలు తీసివేసి ఇంకొక 10 నిమిషాలు కాల్చాలి.

ఎండుద్రాక్షను పది నిమిషాలు వేడినీళ్ళలో నానబెట్టి వడకట్టాలి. పంచదార, మైదా, పొడులు, ఉప్పు కలిపి, అందులో మీగడ, పచ్చసొనలు వేసి ఉండలు లేకుండా కలిపి, పైన చెప్పినట్లు ఉడికించి, ఎండుద్రాక్ష కలపాలి. గుడ్డు చల్లగా ఉన్నప్పుడు సొనలు వేరుచేయడం సులభం, చలి తగ్గిన తరువాత గిలకొట్టడం సులభం. తెల్లసొనలో నిమ్మరసం వేసి నురుగు లేచిన తరువాత, పంచదారను ఒక్కొక్క చెంచా చొప్పున వేస్తూ గిలకొట్టాలి. ఎత్తిపట్టినప్పుడు శిఖరం నిలిచి, కొన మాత్రం వంగితే చాలు. వేడి కస్టర్డును గుల్లలో పోసి, వెంటనే నురుగు కప్పి, 175 డిగ్రీలలో 15 నిమిషాలు, తేనెరంగు వచ్చేదాకా కాల్చాలి. గాలి వీచని చోట గంటసేపు చల్లార్చి, ఫ్రిజ్‌లో మూడు నాలుగు గంటలు ఉంచి అప్పుడు కోయాలి. కత్తిని నీళ్ళలో తడిపి కోస్తే నురుగు అంటుకోదు.

రెండవ ఆదివారం నురుగు నిలిచింది, గుల్ల విరిగింది. మూడవ ఆదివారం అన్నీ నిలిచినవి. అక్కయ్య ఒక ముక్క నోట్లో వేసుకొని, "తీపి, పులుపు, ఘాటు అన్నీ ఉన్నయి. చావింటికి తీపి తెచ్చుడేందో అనుకున్న. ఇది ఒట్టి తీపి గాదు" అన్నది. ఆ తరువాత చాలాకాలం దాని ఊసు ఎత్తలేదు.

2022లో సంవత్సరీకానికి మేనల్లుడు రాగలిగినాడు. తద్దినంనాడు జరగవలసిన క్రమం జరిగింది. మరునాటి ఉదయం నేను లేచేసరికి వంటింట్లో అక్కయ్య జల్లెడలో మీగడ నూరుతూ ఉన్నది. ఎవరినీ పిలవలేదు. ఓవెన్ మీట మాత్రం నన్ను త్రిప్పమన్నది.

సాయంకాలం పళ్ళెం ముందర పెడితే వాడు చాలాసేపు చూశాడు. ఒక ముక్క తిన్నాడు. "ఆమె చేసిన దాంట్లో లవంగం ఇంత ఘాటు లేదమ్మా" అన్నాడు. మరికొంతసేపటికి అసలు సంగతి చెప్పాడు. "నేనా రోజు అది తినలేదు. రెండు రోజులు ఫ్రిజ్‌ల అట్లనే ఉంచిన. మూడోనాటి రాత్రి లైటు వేయకుండ, ఫ్రిజ్ తలుపు తీసి, నిలబడి సగం తిన్న. అప్పుడే ఏడ్పు వచ్చింది. అందాక రాలే."

అక్కయ్య వాని వీపుమీద చెయ్యి వేసి ఊరకున్నది. కొంతసేపైన తరువాత, "మరి ఆమె పళ్ళెం తిరిగి ఇచ్చినవా?" అని అడిగింది.

"ఇచ్చిన. కడిగి ఇచ్చిన."

"ఖాళీ పళ్ళెమా?"

వాడు తల వంచుకొన్నాడు. ఆ రాత్రే అక్కయ్య నన్ను బజారుకు పంపింది. వాని పెట్టెలో బట్టలకంటె ముందు కిలో తాస్‌గావ్ బేదాణా, రెండు షోలాపూరు తువ్వాళ్ళు చేరినవి. "అన్నం తెచ్చిన గిన్నెను ఏడాది ఆలస్యమైనా ఖాళీగ పోనియ్యొద్దు. నాతరఫున ఇయ్యి. ఆమెకు నా మాట తెల్వకున్నా తువ్వాలు తెలుస్తది" అన్నది.

ముసలమ్మగారు తువ్వాళ్ళను వాడక మడతపెట్టి పెట్టుకొన్నదనీ, ఎండుద్రాక్షతో మాత్రం వెంటనే పై చేసి సగం వీనికి ఇచ్చిందనీ తరువాత ఫోనులో తెలిసింది. ఒకప్పుడు మన గుడ్డ ఇచ్చి జాజికాయ తెచ్చుకొన్నవారి కథ నేను అక్కయ్యకు మళ్ళీ చెప్పబోయి ఊరకున్నాను. ఆమె బేరం వేరు.

ఇప్పుడు మా వీధిలో ఎవరి ఇంట కష్టం వచ్చినా అక్కయ్య మొదట జొన్నరొట్టెలు, పప్పు పంపుతుంది. ఎవరి ఆచారం వారిది, దుఃఖసమయంలో గుడ్డు ముట్టనివారి ఇంటికి ఈ పై పోదు. ముట్టేవారి ఇంటికి పదిరోజులైన తరువాత, వచ్చినవారందరూ వెళ్ళిపోయి ఇల్లు బోసిపోయినప్పుడు పంపుతుంది. అప్పుడే అవసరమని ఆమె మాట. ఎదురింటి మరాఠీ ఇల్లాలి మామగారు మొన్న పోయినప్పుడు ఆ పదకొండోనాడు పళ్ళెం మోసుకొని వెళ్ళినది నేనే.

పాఠకులలో ఎవరైనా ఇది చేయదలచితే, మీగడ ఈ రోజునుంచే దాచడం మొదలుపెట్టండి. ఎండుద్రాక్ష డబ్బాలో ఎప్పుడూ ఉండనివ్వండి. పళ్ళెం మాత్రం వెంటనే తిరిగి రావాలని ఎదురు చూడవద్దు. మా పళ్ళెం ఇంకా ఎదురింట్లోనే ఉన్నది.